ప్రజ లేని భాష



భాష యెవరిదని యడిగినచో, దానిని మాటలాడు జనులదని యెవరైనను చెప్పుదురు. జనము ముందు, భాష తరువాత; భాష ముందు, వ్యాకరణము తరువాత. ఇది లోకమర్యాద. పాణిని సూత్రములు రచింపకమునుపే సంస్కృతము కలదు. 19వ శతాబ్దిలో పరవస్తు చిన్నయసూరి బాలవ్యాకరణము రచించుటకు వేయేండ్లకు పూర్వమే తెనుగువారు తెనుగు మాటలాడుచుండిరి. ఆవు పుట్టిన పిదపనే గదా పలుపు పేనుట! ఈ క్రమము తలక్రిందైన యొక వింతను గూర్చి నేడు మనవి చేయుదును. ఒకానొక పండితుడు ముందుగా భాషను నిర్మించెను. ఆ భాషను పలుకుటకు నోళ్లు కావలెను గనుక జనులను కల్పించెను. ఆ జనులు నిలుచుటకు తావు కావలెను గనుక కొండలను, నదులను, సముద్రములను కల్పించెను. వారికి చరిత్ర కావలెను గనుక వేలయేండ్ల కథలు వ్రాసెను. భాష కొరకే కథలు పుట్టినవి గాని కథల కొరకు భాష పుట్టలేదని ఆయనయే చెప్పుకొనియున్నాడు.

ఆయన పేరు జె. ఆర్. ఆర్. టోల్కీన్. ఆంగ్లేయుడు. 1892వ సంవత్సరము జనవరి 3వ తేదీన దక్షిణాఫ్రికాలోని బ్లూంఫాంటీన్ పట్టణమున జన్మించెను. మూడేండ్ల ప్రాయమున తల్లితో ఇంగ్లండు చేరెను. నాలుగేండ్లకే తండ్రియు, పండ్రెండేండ్లకు తల్లియు గతించిరి. ఆ తల్లియే ఆయనకు లాటిను మొదలగు భాషలకు అక్షరాభ్యాసము చేసినది. పిదప 1925 మొదలు 1959 వరకు ఆక్స్‌ఫర్డు విశ్వవిద్యాలయమున ఆంగ్ల భాషాసాహిత్యములకు ఆచార్యుడై యుండెను. ఆయన గ్రంథములలో 'హాబిట్' 1937లోను, 'లార్డ్ ఆఫ్ ది రింగ్స్' 1954, 1955 సంవత్సరములలోను వెలువడినవి. 1973లో ఆయన పరమపదించెను.

ఈ భాషాకల్పన ఆయనకు బాల్యమునుండి వచ్చిన వ్యసనము. ఆయన బంధువులలో ఇరువురు బాలికలు జంతువుల పేర్లను మాటలుగా వాడి యొక రహస్యభాష నల్లుకొనిరి. దానిని చూచి ఈ బాలుడును ఆ యాటలో చేరెను. ఇందు వింత లేదు. మన పిల్లలు ప్రతి యక్షరమునకు ముందు 'క' చేర్చి 'క భాష' మాటలాడుటను మీరెరుగుదురు. సంతలో పశువుల దళారులు తువాలు క్రింద వ్రేళ్లు పట్టుకొని, నోరు మెదపక ధర తేల్చుకొనుటయు అట్టిదే. అయితే పిల్లలు పెద్దవారై క భాషను మరతురు. టోల్కీన్ మరువలేదు. ఆక్స్‌ఫర్డులో చదువుకొనుచుండగా ఫిన్లండు దేశపు భాషకు వ్యాకరణమొకటి ఆయన చేతికి వచ్చెను. ఆ భాషయందలి నాదము ఆయనను పట్టుకొనెను. దాని మాధుర్యమును చవిచూచి, ఆ పోలికతో 'క్వెన్యా' అను భాషను నిర్మింప మొదలిడెను. పిదప వేల్సు దేశపు భాష పోలికతో 'సిందారిన్' అను మరియొక భాషను నిర్మించెను. నడుమ మొదటి ప్రపంచయుద్ధము వచ్చెను. 1916లో సోమ్ యుద్ధమునకు ఆయన పోయి, కందకములలో జ్వరపడి తిరిగి వచ్చెను. ఆ రోగశయ్యపైనుండి లేచిన పిదపనే ఈ భాషలను పలుకు జనుల కథలు రూపుదాల్చినవి.

ఈ భాషలయందు గొప్పదన మేమి? ఏవో వింత మాటలను కుప్పవోసినచో భాష కాదు. మాటకు మూలధాతువుండవలెను, ఆ ధాతువు కాలక్రమమున మారవలెను, ఆ మార్పునకు నియమముండవలెను. మన వ్యాకరణమున తద్భవములని చెప్పుదుము గదా! యజ్ఞము జన్నమైనది, విద్య విద్దె యైనది, సంధ్య సంజ యైనది. ఇది నోటికి వచ్చినట్లు జరిగిన మార్పు కాదు. అట్లే కన్నడిగులు 'కివి' యన్నదానిని మనము 'చెవి' యందుము. వారు 'కెడు' అన్నదానిని 'చెడు' అందుము. వారి 'కెఱె' మన 'చెఱువు'. ఒక తల్లి బిడ్డలగు రెండు భాషలలో, ఒకదానియందు కకారమున్న చోట రెండవదానియందు చకారము వచ్చినది. తెనుగు, కన్నడము, తమిళము ఒక కుటుంబములోనివని ఫ్రాన్సిస్ వైట్ ఎల్లిస్ అను దొర 1816లో కాంబెల్ దొర రచించిన తెనుగు వ్యాకరణమునకు వ్రాసిన పీఠికాభాగమున నిరూపించెను.

టోల్కీన్ ఇట్టి నియమములనే తన భాషలకు విధించెను. క్వెన్యాలో చెట్టును 'అల్డా' అందురు. సిందారిన్‌లో 'గలద్' అందురు. రాతిని క్వెన్యాలో 'ఒండో' అనియు, సిందారిన్‌లో 'గోండ్' అనియు చెప్పుదురు. ఒకదానియందు పదాదిని గకారము నిలిచినది, రెండవదానియందు లోపించినది. పలుకుట యను నర్థమున ఒకచోట 'క్వెత్' అను ధాతువు, మరియొకచోట 'పెద్' అను ధాతువు. తల్లియగు ప్రాచీనభాషను మొదట కల్పించి, దానినుండి ఈ రెంటిని బిడ్డలుగా పుట్టించి, వానికి వేర్వేరు బాటలు చూపెను. మన దేశమున వేలయేండ్లలో జరిగినదానిని ఆ పండితుడు తన వ్రాతబల్లపై జరిపెను.

ఆయన కల్పించిన లిపిని గూర్చియు ఒకమాట చెప్పవలెను. దాని పేరు 'తెంగ్వార్'. ఒక నిలువుగీత, దానికి తగిలించిన యొక విల్లువంటి వంపు: ఇది యక్షరము. ఆ వంపును రెట్టించినచో పరుషము సరళమగును; నిలువుగీతను పైకి పెంచినచో ఊదిపలుకు ధ్వని యగును. పెదవులతో పలుకునవి యొక వరుస, దంతములతో పలుకునవి యొక వరుస. అచ్చులను హల్లులపై గుర్తులుగా నుంచుటయు కలదు. కచటతప వర్గములను, గుణింతమును వల్లెవేసిన మనకు ఈ యేర్పాటు పరాయిదిగా తోచదు.

ఇక ఈ భాషలను పలుకు జనులను గూర్చి చెప్పెదను. వారిని 'ఎల్ఫులు' అందురు. మన గంధర్వులను కొంత తలపింతురు. వారికి ముసలితనముచే చావు లేదు. గాయము వలనను, దుర్భరమగు దుఃఖము వలనను మాత్రమే ప్రాణము పోవును. సూర్యచంద్రులు పుట్టకమునుపు వారు ఒక సరస్సుచెంత మేల్కాంచిరట. కన్ను తెరవగానే తలపై నక్షత్రములు కానవచ్చినవి. 'అదిగో చూడుము' అను నర్థమున 'ఎలె' యని పలికిరి. అదియే వారి తొలిపలుకు. అందుండియే చుక్కకు 'ఎలెన్' అను పేరు వచ్చినది. వారు తమకు తాము పెట్టుకొన్న పేరు 'క్వెండి'. అనగా నోట పలుకువారు. పలుకగల మరియొక ప్రాణిని వారప్పటికి చూచియుండలేదు గనుక, పలుకే తమ జాతికి గురుతని తలచిరి.

పిదప వారిలో కొందరు సముద్రముదాటి పడమటి దివ్యభూమికి పోయిరి. వారి భాష క్వెన్యా యైనది. ఈవలి యొడ్డున నిలిచినవారి భాష సిందారిన్ ఐనది. పడమటికి పోయినవారిలో ఫియానోర్ అను మహాశిల్పి యుండెను. ఇందాక చెప్పిన లిపిని కనిపెట్టినవాడు ఇతడే. ఇతడు దేవతలపై అలిగి, తనవారిని వెంటగొని తిరుగుప్రయాణము కట్టెను. ఓడలు కావలసి, రేవునందలి సోదరజాతివారిని ఇమ్మని యడుగగా వారీయలేదు. అంతట కత్తులు దూసి, వారిని చంపి, ఓడలను దోచుకొనెను. చచ్చినవారు ఈవలి యొడ్డున నున్న తింగోల్ అను రాజునకు రక్తబంధువులు. కొంతకాలమునకు ఈ సంగతి ఆ రాజు చెవిని పడెను. ఆయన సైన్యమును పంపలేదు. తన వారిని చంపినవారి భాష తన రాజ్యమున ఎవ్వరును పలుకరాదు, పిలిచినను బదులీయరాదని శాసించెను. ఆ శాసనముతో క్వెన్యా ఆ దేశమున ఇంటిమాటగా నుండుట మానినది. వచ్చినవారును సిందారిన్‌నే నేర్చుకొనిరి. క్వెన్యా శాస్త్రములకును, పద్యములకును, పట్టాభిషేకములకును మిగిలినది. లిపిని కనిపెట్టిన చేయియే కత్తిని దూసినది. ఆ కత్తివలన ఆ భాష బిడ్డల నోటనుండి పోయినది.

ఇది కట్టుకథయే. అయినను ఇందు నిజమున్నది. ఒక భాష చచ్చుటకు దానియందలి లోపము కారణము కాదు. క్వెన్యా చక్కని భాష. పలుకువారి నడవడివలన, ఏలువారి యాజ్ఞవలన, పొరుగువారి ద్వేషమువలన అది యింటినుండి వెడలినది. లోకమున భాషలు ఇట్లే పోవుచున్నవి.

మరియొక యంశము. ఆ కథలలో సౌరోన్ అను దుష్టుడు కలడు. తన సేవకులందరును ఒకే భాష మాటలాడవలెనని తలచి, తానే యొక భాషను చేసి వారిపై మోపెను. ఆ సేవకులు దానినుండి కొన్ని పదములను మాత్రము తీసికొని, వానిని తమకు తోచినట్లు విరిచి వాడుకొనిరి. తెగతెగకు వేరువేరు యాసలైనవి. ప్రేమతో చేసిన భాష నిషేధమునకు లోబడియు శాస్త్రమున నిలిచినది. అధికారముతో చేసిన భాష ఆ యధికారి సేవకుల నోటనే చెడినది.

భాషతో చమత్కారమును ఆ కథయందు కలదు. కొండలోనికి పోవు రాతితలుపు మూయబడియున్నది. దానిపై సిందారిన్ భాషలో ఒక వ్రాత కలదు. గాండాల్ఫ్ అను వృద్ధమాంత్రికుడు దానిని చదివి, మిత్రుడైనవాడు ఏదో మంత్రము పలికి లోనికి రావలెనని అర్థము చేసికొనెను. ఎరిగిన మంత్రములన్నియు పఠించెను. తలుపు కదలలేదు. కడకు తెలిసినదేమనగా, మిత్రుడు అను పదమునే పలుకవలెనట! 'మెల్లోన్' అనగానే తలుపు తెరచుకొన్నది. అన్వయదోషముచే మహాపండితుడు వాకిట కూర్చుండవలసి వచ్చెను.

దీనిని వినగానే మీలో పెద్దలకు సాతవాహనుని కథ తలపునకు వచ్చియుండును. జలక్రీడలో రాణి 'మోదకైః' అనెను. నీళ్లతో కొట్టవలదని యామె భావము. మా, ఉదకైః అని విడదీయవలెను. రాజు మోదకములు, అనగా కుడుములు తెప్పించెను. రాణి నవ్వెను. ఆ సిగ్గుచే రాజు వ్యాకరణము నేర్వ బూనెను. ఆరేండ్లలో నేర్పుదునని గుణాఢ్యుడును, ఆరునెలలలో నేర్పుదునని శర్వవర్మయు పందెము వేసిరి. గుణాఢ్యు డోడి, సంస్కృతము, ప్రాకృతము, దేశభాష మూటిని విడిచి, అడవికి పోయి పైశాచీభాషను నేర్చి, అందు ఏడులక్షల గ్రంథముగా బృహత్కథను రచించెను. పిశాచభాష యని రాజు దానిని తిరస్కరింపగా, మృగములకు చదివి వినిపించుచు ఒక్కొక్క పత్రమే అగ్నిలో వేసెను. రాజు వచ్చి పట్టుకొనునప్పటికి లక్ష మాత్రమే మిగిలినది. ఈ వృత్తాంతమును 11వ శతాబ్దిలో కాశ్మీరకవి సోమదేవుడు కథాసరిత్సాగరమున చెప్పినాడు. ఆ మిగిలినదియు నేడు మనకు లేదు. ప్రాకృతవ్యాకరణములలో గగనము 'గకన' మగును, మేఘము 'మేఖ' మగును అను కొలది సూత్రములు మాత్రమే పైశాచికి సాక్ష్యముగా నిలిచినవి. టోల్కీన్ భాషకు గ్రంథమున్నది, పలుకు జనులు లేరు. పైశాచిని పలికిన జనులు కలరేమో గాని, గ్రంథము లేదు.

మన కాలమున మన చలనచిత్రములకును ఈ కల్పితభాష యొకటి వచ్చినది. 2015 జూలై 10వ తేదీన విడుదలయైన 'బాహుబలి'లో కాలకేయులు మాటలాడు 'కిలికి' భాష యది. కాలకేయులు మనకు కొత్తవారు కారు. పగలు సముద్రమున దాగి, రాత్రి మునులను హింసించిన దానవులని భారతమున అరణ్యపర్వము చెప్పుచున్నది. అగస్త్యుడు సముద్రమును ఆపోశనము పట్టినది వారికొరకే. అయితే వారి భాష యెట్టిదో వ్యాసుడు చెప్పలేదు. దానిని తమిళకవి వైరముత్తు కుమారుడగు మదన్ కార్కి నిర్మించెను. మొదట 750 పదములు, 40 వ్యాకరణ నియమములు ఏర్పరచితినని ఆయన చెప్పియున్నాడు. అందు 'మిన్' అనగా నేను; త్రిప్పి చదివి 'నిమ్' అనినచో నీవు. మీ మనుమలు ఈ మాటలను పలుకుచుండగా మీరు వినియుందురు. 2020లో దీనికి లిపిని కూడ చేర్చి అంతర్జాలమున ప్రకటించిరి. ఆ ప్రకటన జరిగిన దినము ఫిబ్రవరి 21. అది అంతర్జాతీయ మాతృభాషాదినము. ఏ తల్లికిని మాతృభాష కాని భాష ఆ దినమున వెలువడుట విధివిలాసము.

ఇదంతయు పనిలేని పని యని కొందరు పెద్దలు పెదవి విరుతురు. నేనట్లనను. ధాతువునకును, ధ్వనికిని, అర్థమునకును గల సంబంధమును ప్రేమించినవాడే ఇట్టి పనికి పూనుకొనును. అయితే ఈ భాషలకు లేనిదేమో మనము గుర్తింపవలెను. వీనియందు శబ్దములు కలవు, విభక్తులు కలవు, పద్యములును కలవు. కాని తల్లి పాడగా విని నిదురించిన బిడ్డ లేదు. ఎండిన చెఱువును చూచి ముసలివాడు పుట్టించిన సామెత లేదు. అప్పు తీర్పలేనివాడు షావుకారు ముంగిట గుటకలు మ్రింగుచు పలికిన మాట లేదు. టోల్కీన్ ఇంచుమించు అరువదేండ్లు శ్రమించియు తన వ్యాకరణమును ముగింపలేక, మార్చుచునే కన్నుమూసెను. ఎంతటి పండితుడైనను ఒక్కడే. భాషకు ఊరు కావలెను.

ఇట్టి సంపద యున్న భాషల గతి యేమగుచున్నదో చూడుడు. 2009 డిసెంబరులో 'అవతార్' అను అమెరికా చిత్రము వచ్చినది. అందు పాండోరా యను ఉపగ్రహవాసులకై పాల్ ఫ్రోమర్ అను ఆచార్యుడు 'నావి' యను భాషను నిర్మించెను. లోకమంతట యువకులు దానిని నేర్వసాగిరి. సరిగా మరుసటి నెల, 2010 జనవరిలో, మన దేశపు అండమాను దీవులలో బోవా అను వృద్ధురాలు మరణించెను. 'బో' అను భాషను ఎరిగినవారిలో ఆమె కడపటిది. తన భాషలో మాటలాడుటకు మనుష్యుడు లేక, ఆమె పక్షులతో మాటలాడెడిదని ఆమెవద్ద ఆ భాషను వ్రాసికొన్న ఆచార్యురాలు అన్వితా అబ్బి తెలిపినది. లేని లోకమునందలి లేని జనుల భాషకు వేలమంది శిష్యులు దొరకిరి. ఉన్న దేశమునందలి ఉన్న ముదుసలికి మాటకు మాట చెప్పు మనిషి దొరకలేదు.

ఇది దూరపు సంగతి యని యూరకుండవలదు. ఐతరేయబ్రాహ్మణమున ఆంధ్రుల పేరు వచ్చిన చోటనే శబరుల పేరును కలదు. ఆ శబరులే నేటి సవరలు. శ్రీకాకుళము మన్యపు కొండలలో మన పొరుగువారు. ఒక్క వాక్యమున మనతో పుట్టిన ఆ జాతి భాషను మనవారిలో పట్టించుకొన్నవాడు గిడుగు వేంకట రామమూర్తి పంతులు. పర్లాకిమిడిలో బడిపంతులుగా నుండి, సవరభాష తెలిసినవానిని ఇంట నుంచుకొని నేర్చి, ఆ జనులకు బడులు పెట్టించి, 1931లో వ్యాకరణమును, 1938లో నిఘంటువును ప్రకటించెను. వ్యావహారికభాషావాదమున ఆయనతో మావంటి గ్రాంథికులకు వివాదము కలదు. కాని ఈ సేవకు చేతులు జోడింపని పండితుడు పండితుడు కాడు. టోల్కీన్ లేని జనులకు వ్యాకరణము వ్రాసెను. గిడుగువారు లోకము లేరనుకొన్న జనులకు వ్యాకరణము వ్రాసిరి.

తెనుగు బో భాష వంటిది కాదు, కోట్లమంది పలుకుచున్నారు. అయినను భాష ఒక్కమారుగ చావదు. మొదట మాటలు రాలును. తవ్వ, సోల, మానిక, కుంచము, తూము, పుట్టి యను కొలమానముల పేర్లు కిలోలు, లీటర్లు వచ్చిన పిదప ఎందరు పిల్లలకు తెలియును? ఏతము, మోట, కపిల ఎట్లు వేరో చెప్పగలవారు మీ యూర ఎందరున్నారు? గాదెకును, గుమ్మికిని, పాతరకును గల భేదమేమి? నాగటియందు మేడి యేది, నొగ యేది, కఱ్ఱు ఏది? వస్తువు పోయిన పిదప మాట కొంతకాలము ముసలివారి నోట నిలుచును. ఆ నోరు మూతపడినచో మాటయు పోవును. నిఘంటువులలో చేరని మాటలు ఊరూర కలవు. వానికి మీరే నిఘంటువులు.

కావున మిమ్ము ఒకటి వేడెదను. ఇంట నొక నోటుపుస్తకము పెట్టుడు. వారమునకు పది మాటలు వ్రాయుడు, లేదా మనుమనిచే వ్రాయింపుడు. మాట, దాని యర్థము, దానిని వాడు వాక్యము, చెప్పినవారి ఊరు, వృత్తి, ఈ యైదును చాలును. నేతగాని మాటలు, కుమ్మరి మాటలు, చేపలు పట్టువారి మాటలు, వంటింటి ఆడువారి మాటలు వేర్వేరుగ నుండనిండు. మాటను దిద్దకుడు. వ్యాకరణము చదివినవారికి దిద్దవలెనను ఉబలాటము కలుగును. వ్రాసికొనునప్పుడు దానిని అణచుకొనవలెను. మీ యూరి చెంచుల, కోయల, సవరల, గోండుల, కొలాముల పెద్దలతో మైత్రి యున్నచో వారి మాటలను కూడ వారి యనుమతితో వ్రాయుడు. మెల్లోన్ అనగానే తెరచుకొన్న తలుపును తలపునం దుంచుకొనుడు.

మీ మనుమడు కిలికిభాష పలికినచో కోపింపకుడు. 'మిన్' అనగా నేమిరా యని యడుగుడు. వాడు సంతోషముతో చెప్పును. చెప్పిన పిదప, 'కుంచమనగా నేమో నీకు తెలియునా?' అని మీరడుగుడు. తెలియదనినచో అటకపైనుండి కుంచమును దింపి వాని చేతి కిండు. కొలిచి చూపుడు.